కొలంబియా నదీలోయలో ఒక దినము

నేడు మన కుటుంబములు పెక్కింట ఒక బిడ్డయైన అమెరికాలో నుండుట సామాన్యమైపోయినది. కూతుళ్ల పురుళ్లకును, మనుమల పెంపకమునకును తల్లులును అత్తలును సముద్రములు దాటి పోవుచున్నారు. ఆరుమాసములుండి, వంటయింటిని, ఉయ్యెలను, కిటికీవెలుపలి వానను మాత్రమే చూచి మరలివచ్చువారును కలరు. ఆ దేశపు పడమటి తీరమున ఆరెగాన్ రాష్ట్రములో పోర్టులాండు నగరము కలదు. దానికి పడమరగా నున్న హిల్సుబరో, బీవర్టను పట్టణములలో కంప్యూటరు పరిశ్రమలందు పనిచేయు తెలుగువారు అనేకులు. అట్టివారి యిండ్లకు వెళ్లిన పెద్దలు ఒక్క సెలవుదినమున తప్పక చూడదగిన చోటు కొలంబియా నదీలోయ.

ఈ లోయను ఒక్కదినములో చూపి తెచ్చుటకు పోర్టులాండులో ఏర్పాటులు కలవు. పదిపన్నెండుమంది కూర్చుండదగిన వ్యానును మార్గదర్శియే నడపుచు, ఉదయమున బయలుదేరదీసి, కొండయంచుల బాటమీదుగా జలపాతములను చూపి, మధ్యాహ్నము ద్రాక్షతోటలకు కొనిపోయి, అచ్చట తయారగు ద్రాక్షమద్యములను రుచి చూపించి, సాయంకాలమునకు నగరము చేర్చును. 'మద్యము' అను మాట వినగానే మన స్త్రీలు వెనుదీయుదురు. వెనుదీయుటకు తగిన హేతువును కలదు. నెల్లూరుజిల్లా దూబగుంటలో స్త్రీలు సారాదుకాణమును మూయించిరి. అదిమొదలు 1993లో సారానిషేధమును, 1995లో సంపూర్ణ మద్యనిషేధమును సాధించువరకు జరిగిన పోరాటము మన యిల్లాండ్ర కన్నీటినుండి పుట్టినది. ఆ నిషేధము 1997లో సడలిపోయినను ఆ కన్నీరు మరువదగినది కాదు. కావున ఈ ప్రయాణమున మద్యమునకు గల స్థానమెట్టిదో, త్రాగనివారు అచ్చట చేయదగినదేమో కూడ ఈ వ్యాసమున చెప్పెదను.

అయితే అంతకంటె ముఖ్యముగా చెప్పవలసినది వేరొకటి కలదు. ఆ లోయలో నేడు మనము చూచు సౌందర్యము దానంతట అది నిలిచినది కాదు. ఎవరెవరో పూనుకొని దానిని నిలిపిరి. అట్లు నిలిపినవారిలో స్త్రీలు మొదటివరుసలో నున్నారు. నిలుపలేకపోయిన దొకటి నీటిక్రింద నున్నది. ఈ రెండును తెలిసి చూచినవారికే ఆ దినము సార్థకమగును.

నదియు, లోయయు

కొలంబియానది కెనడాదేశపు కొండలలో పుట్టి, సుమారు 2,000 కిలోమీటర్లు ప్రవహించి, పసిఫిక్ మహాసముద్రమున కలియును. మన గోదావరికంటె పొడవైనది. తుదిభాగమున ఆరెగాన్, వాషింగ్టన్ రాష్ట్రములకు ఈ నదియే పొలిమేర. ఉత్తరదక్షిణములుగా గోడవలె నిలిచిన కాస్కేడు పర్వతపంక్తిని ఇది అడ్డముగా చీల్చుకొని పోయినది. ఆ చీలికయే ఈ లోయ. దీని పొడవు సుమారు 130 కిలోమీటర్లు. లోతు కొన్నిచోట్ల 4,000 అడుగులు. రాజమహేంద్రవరమునుండి పడవలో పాపికొండల నడుమకు పోయివచ్చిన సోదరీమణులు ఆ దృశ్యమునే ఇంకను విశాలముగాను, ఎత్తుగాను, దేవదారువంటి చెట్లతో నిండినదానినిగాను ఊహించుకొనవచ్చును.

ఈ కొండలు నల్లరాతికొండలు. సుమారు కోటిన్నర సంవత్సరములక్రిందట నేల పగిలి వెలువడిన లావా పొరలుపొరలుగా పేరుకొని రాయి అయ్యెను. మన దక్కను పీఠభూమిలోని నల్లరాయియు ఇట్లేర్పడినదే. పిమ్మట, ఇంచుమించు 15,000 ఏండ్లక్రిందట, మంచుయుగము ముగియు కాలమున, తూర్పున మాంటానా ప్రాంతమున ఒక హిమప్రవాహము లోయకు అడ్డముపడగా గొప్ప సరస్సు నిలిచెను. ఆ మంచుకట్ట తెగినప్పుడెల్ల సరస్సులోని నీరు కొలంబియాలోయగుండ సముద్రమునకు పరుగెత్తెను. ఇట్లు పదులమారులు జరిగెను. ఆ వరదలు లోయ ప్రక్కలను నిట్టనిలువుగా కోసివేసినవి. అంతకుముందు వాలుమీదుగా మెల్లగా దిగివచ్చుచుండిన చిన్న యేళ్లకు ఇప్పుడు అంచునుండి దూకుటకంటె వేరుదారి లేకపోయెను. ఇచ్చటి జలపాతములు పుట్టిన విధమిది.

ఈ వరదలసంగతి జె హార్లెన్ బ్రెట్జ్ అను భూగర్భశాస్త్రజ్ఞుడు 1923లో మొదట చెప్పగా తోడి శాస్త్రజ్ఞులు నమ్మరైరి. ఆయన పట్టు విడువలేదు. అర్ధశతాబ్దము గడచినపిమ్మట, 1979లో, తొంబదియేండ్లు దాటిన వయసున, అమెరికా భూగర్భశాస్త్రసంఘమువారి అత్యున్నత పతకమును అందుకొనెను.

చూచుటకై వేసిన బాట

బాటలు సామాన్యముగా ఒక ఊరినుండి వేరొక ఊరికి త్వరగా పోవుటకై వేయబడును. ఈ లోయలోని పాతబాట మాత్రము చూచుటకై వేయబడినది. శామ్యూల్ హిల్ అను ధనికుడును, శామ్యూల్ లాంకాస్టరు అను ఇంజనీయరును 1908లో పారిసునగరమున జరిగిన ప్రపంచ రహదారుల సభకు పోయి, ఐరోపాలో రైన్‌నదిప్రక్కల కొండబాటలను చూచి వచ్చిరి. 1913లో పని మొదలయ్యెను. 1916లో ప్రారంభోత్సవము జరిగెను. 1922నాటికి బాట పూర్తియయ్యెను. నూరడుగులు సాగునప్పటికి ఐదడుగులకంటె ఎక్కువ ఎక్కరాదను నియమముతో లాంకాస్టరు దీనిని కొండచుట్టును మెలికలు త్రిప్పి నడిపించెను. ప్రతి మలుపునకు చూడదగినది ఏదో ఒకటి ఎదురగునట్లు త్రోవ నిర్ణయించెను. బాటయంచున కమానులు తీర్చిన పిట్టగోడలను ఇటలీనుండి వచ్చిన రాతిపనివారు కట్టిరి. నేడు నదియొడ్డున పెద్ద రహదారి వచ్చినందున, తొందరగలవారు దానిమీద పోవుదురు. పాతబాట చూడవచ్చినవారిది.

నగరము దాటి ఈ బాటనెక్కిన వ్యాను మొదట నిలుచుచోటు ఒక కొండకొమ్ము. అచ్చటినుండి తూర్పునకు చూచినయెడల లోయ అంతయు, నడుమ వెండిపట్టెవలె నదియు, ఎడమను వాషింగ్టన్ కొండలును, కుడిప్రక్క బురుజువంటి గుట్టయు ఒక్కచూపున కానవచ్చును. ఈ చోటికి 'పోర్టులాండు స్త్రీసమాజపు దృశ్యస్థలము' అని పేరు. ఆ సమాజమువారు ఈ నేలను కొని, 1962లో ఎల్లరి ఉపయోగమునకై రాష్ట్రమునకు దానము చేసిరి. ఆ సమాజమునకు చెందిన గెర్ట్రూడ్ జెన్సను అను నామె 1950 దాటిన సంవత్సరములలో, లోయలో చెట్లు నరుకువారికి ఎదురునిలిచి, అడవిని కాపాడవలెనని ఊరూర చెప్పివచ్చెను. ఆ గట్టుమీద నిలుచుండి ఛాయాచిత్రములు తీయించుకొనువారిలో ఆ నేల ఎవరిచ్చినదో అడుగువారు తక్కువ. మన పాఠకురాండ్రు అడుగుదురుగాక.

ఇందాక కనబడిన బురుజుగుట్టయే క్రౌన్ పాయింటు. అది నదికి 733 అడుగుల ఎత్తున నున్నది. దానినెత్తిన ఎనిమిది పలకలుగా, గుమ్మటముతో కట్టిన రాతిమందిరము 1918లో ప్రారంభమయ్యెను. బాటసారులు, ముఖ్యముగా స్త్రీలు, సేదదీరి ముఖము కడుగుకొనుటకు తగిన చోటుండవలెనని దీనిని కట్టిరి. చలువరాళ్లతో కట్టుటచే వ్యయము మిక్కిలి పెరుగగా ఆనాటివారు ఎగతాళి చేసిరట. ప్రయాణములలో స్త్రీలు పడు ఇబ్బంది ఎరిగినవారికి అది వృథావ్యయమని తోచదు. ఒక్క హెచ్చరిక: ఈ గుట్టమీద గాలి మనిషిని త్రోయునంతగా వీచును. చీరకొంగును నడుమునకు బిగించి, శాలువకు పిన్ను పెట్టుకొని వ్యాను దిగవలెను.

జలపాతములు

క్రౌన్ పాయింటునుండి బాట చుట్టలుచుట్టలుగా అడవిలోనికి దిగును. రాళ్లమీద నాచు, చెట్లకొమ్మలనుండి వ్రేలాడు పాచి, నేలనిండ పచ్చని ఆకులు. మొదట లటూరెల్ జలపాతము. పైయంచునుండి నేలవరకు ఎక్కడను రాతిని తాకకుండ ఒక్కదూకుగా పడును. వెనుకనున్న రాతిగోడ కట్టెలు నిలిపినట్లు స్తంభములు స్తంభములుగా నుండును. లావా చల్లారునప్పుడు ముడుచుకొని పగులుటచే అట్లేర్పడినది. ఆ స్తంభములమీద పసుపుపూసినట్లు ఒకవిధమైన పాచి అంటియుండుటచే, మన గడపలు జ్ఞప్తికి వచ్చును.

కొంతదూరమున వాకీనా జలపాతము. ఇది దూకదు, మెట్లుమెట్లుగా నురుగులు క్రక్కుచు జారును. యాకమా అను ఆదిమజాతివారి భాషలో ఆ పేరునకు 'మిక్కిలి అందమైనది' అని అర్థము.

ఆపైని అందరును ఎదురుచూచు ముల్ట్‌నోమా. రెండంతస్తులుగా 620 అడుగుల ఎత్తునుండి పడును. ఇందు పైయంతస్తే 540 అడుగులు మించినది. వెనుకనున్న కొండలోని ఊటలును, వానయు, కరగిన మంచును దీనికి నీరిచ్చును గనుక వేసవిలోను ఎండిపోదు. రెండంతస్తులకు నడుమ, లోయకు అడ్డముగా, ఒక చిన్న వంతెన కలదు. 1914లో కట్టిన ఈ వంతెనకు సైమన్ బెన్సను పేరు పెట్టిరి. ఈయన నార్వేదేశమున పుట్టి, అమెరికాకు వచ్చి, కలప వ్యాపారమున కోటీశ్వరుడైనవాడు. చెట్లు నరికించి ధనము గడించిన యీయనయే ముల్ట్‌నోమా, వాకీనా ప్రాంతపు నేలను కొని పోర్టులాండు నగరమునకు దానమిచ్చెను. 1912లో ఇరువది కంచు నీటిధారలను నగరవీథులలో నెలకొల్పుటకు ధనమిచ్చినదియు ఈయనయే. తన పనివారు మధ్యాహ్నము బీరునకు పోకుండ మంచినీరు త్రాగవలెనని ఆయన యుద్దేశమట. మన చలివేంద్రములవంటి ఆ ధారలు నేటికిని ఆ వీథులలో నున్నవి.

క్రిందినుండి వంతెనవరకు గట్టిబాట కలదు. పావుగంట నడక, ఎక్కుడు గలదు గాని, మోకాళ్లనొప్పులు గలవారును మధ్యమధ్య నిలిచి ఎక్కవచ్చును. కొండకొనవరకు పోవుబాట పదునొకండు మలుపులతో నిటారుగా నుండును. అది పడుచువారికి విడువదగినది. జలపాతపు తుంపురులచే రాళ్లెప్పుడును తడిగా నుండును. కంచె దాటరాదనిన దాటరాదు: 1995లో 400 టన్నుల బండ యొకటి పైనుండి మడుగులో పడగా, ఎగసిన నీళ్లును రాళ్లును వంతెనమీద ఛాయాచిత్రము తీయించుకొనుచున్న పెండ్లివారిని గాయపరచినవి. అదృష్టవశమున ఎవ్వరికిని ప్రాణాపాయము కలుగలేదు.

దగ్గరనే 1925లో కట్టిన రాతిసత్రము కలదు. అందు భోజనశాలయు, మరుగుదొడ్లును కలవు.

నిప్పు

ముల్ట్‌నోమాకు తూర్పుగా సాగినకొలది కొండలమీద ఆకులేని నల్లని మ్రోడులు నిలువున కనబడును. 2017 సెప్టెంబరు 2వ తేదీన, పదునైదేండ్ల బాలుడొకడు సరదాకు కాల్చిన టపాకాయ ఎండిన అడవిలోనికి విసరెను. నిప్పంటుకొనెను. నూటయేబదిమందికి పైగా నడకకు వచ్చినవారు ఆ రాత్రి అడవిలో చిక్కుకొనిరి. మంట లోయలో సుమారు 48,000 ఎకరముల మేర వ్యాపించి, మూడునెలలు ఆరలేదు. రాతిసత్రము చుట్టును నిప్పు క్రమ్ముకొనగా, అగ్నిమాపకదళమువారు రాత్రంతయు గోడలమీదను కప్పుమీదను నీరు చల్లి దానిని కాపాడిరి. మరుసటియేట న్యాయస్థానము ఆ బాలునిచే నష్టపరిహారముగా 3 కోట్ల 66 లక్షల డాలర్లు చెల్లింపవలసినదని తీర్పుచెప్పెను. అంత ధనము అతడేనాటికిని ఈయలేడని న్యాయాధిపతికిని తెలియును. నియమములు తప్పక పదియేండ్లు వాయిదాలు చెల్లించినయెడల మిగిలినది మాఫీ చేయవచ్చునని ఏర్పాటు చేసిరి.

బిడ్డలు గల తల్లులు ఈ చోట ఒక నిమిషము నిలువవలెను. దీపావళి టపాకాయలను చేతికిచ్చి 'జాగ్రత్త' అను మాటతో మన బాధ్యత తీరినదనుకొందుము. ఒక్క నిమిషపు చేష్టకు ఒక అడవి బూడిదయైనది. ఒక బాలుని జీవితము మారిపోయినది. కాని మ్రోడులక్రింద చూచినయెడల పచ్చదనము మరల లేచుచున్నది. వేసవివేళ అచ్చట ఊదాపూలు విరబూయుచుండును.

ఒక గృహిణి పూనిక

ఈ లోయ నగరమునకు గంటదూరమున నున్నది. ఇంత దగ్గరనున్న కొండలమీద మేడలు, దుకాణములు ఏల లేవను సందేహము ఎవరికైనను కలుగును. దానికి సమాధానము న్యాన్సీ రస్సెల్ అను నామె. ఈమె పోర్టులాండున ఒక గృహిణి, బిడ్డల తల్లి. ఉద్యోగి కాదు, రాజకీయములందున్న వ్యక్తియు కాదు. ఈమెకు అడవిపూవులన్న ప్రీతి. వానిని వెదకుచు లోయనంతయు కాలినడకను తిరిగెను. నదిమీద కొత్తవంతెన వచ్చుచున్నదనియు, దానితో ఉత్తరపుటొడ్డున ఇండ్లస్థలములు పుట్టుననియు తెలిసినప్పుడు ఊరకుండలేకపోయెను. 1980లో లోయమిత్రుల సంఘమును స్థాపించెను. ఇండ్లు కట్టదలచినవారును, చట్టము తమ పొలములమీదికి వచ్చుననుకొన్నవారును ఆమెను మిక్కిలి ద్వేషించిరి. ఆమె మాత్రము పటములు చేతబట్టుకొని రాజధానికి మరల మరల పోయి, సభ్యులను ఒక్కొక్కరినే ఒప్పించెను. 1986 నవంబరు 17వ తేదీన అధ్యక్షుడు రేగను సంతకముతో లోయను కాపాడు చట్టము వచ్చెను. 2,92,500 ఎకరములు దానిక్రింద చేరినవి. ఆమె 2008లో స్వర్గస్థురాలయ్యెను. మేడలులేని ఆ కొండవాలులే ఆమెకు స్మారకచిహ్నములు.

ద్రాక్షతోటలు

జలపాతములు దాటి పెద్దరహదారినెక్కిన వ్యాను బాన్నివిల్ ఆనకట్టప్రక్కగా తూర్పునకు సాగును. కొన్ని యాత్రలలో ఇచ్చట దిగి, గాజుకిటికీలగుండ సాల్మను చేపలు మెట్లమడుగులెక్కి ఎదురీదుట చూపుదురు. అచ్చటనుండి అరగంటలో లోకము మారిపోవును. కాస్కేడు పర్వతములు సముద్రపుమేఘములను పడమటివైపుననే పిండివేయుటచే, కాస్కేడ్‌లాక్సు అను ఊర ఏటేట సుమారు 75 అంగుళముల వాన పడగా, అచ్చటికి నలువది మైళ్ల తూర్పున డాల్సు అను పట్టణమున 14 అంగుళములు మాత్రమే పడును. నాచుపట్టిన అడవియు, ఎండుగడ్డి కొండలును ఒకే లోయలో నున్నవి. ఆ రెంటికి నడుమనున్న హుడ్‌రివర్ పట్టణము పండ్లతోటలకు తావు. వెనుక 11,000 అడుగులు మించిన హుడ్ పర్వతము తలమీద మంచుతో నిలిచియుండును. పేరిపండ్లు, ఆపిళ్లు, చెర్రీలు విస్తారముగా పండును. ఈ నేలను చదునుచేసి తోటలు వేసినవారిలో జపానునుండి వచ్చిన కృషీవలులు అనేకులు. యుద్ధకాలమున, 1942లో, వారిని జపాను రక్తమువారను ఒక్క కారణమున తోటలు విడిపించి నిర్బంధశిబిరములకు పంపిరి. తిరిగివచ్చిన కొందరు మరల ఆ చెట్లనే పెంచిరి.

ఈ ప్రాంతమునకు 2004లో ద్రాక్షమద్యవిషయమున ప్రత్యేకప్రాంతముగా ప్రభుత్వపు గుర్తింపు వచ్చెను. వాన ఎక్కువయు చల్లదనమును గల పడమట పీనో న్వార్, రీస్‌లింగ్ వంటి చలువప్రాంతపు ద్రాక్షలును, ఎండగల తూర్పున సిరా, జిన్‌ఫాండెల్ వంటివియు పెరుగును. ఇవి మన మెరిగిన అనాబ్-ఎ-షాహీవంటి తినుద్రాక్షలు కావు. చిన్నవి, తొక్క దళసరి, గింజలు మెండు, తీపియు హెచ్చు. ఆ తీపిని ఈస్టు తినివేయగా మద్యము పుట్టును. మన వైద్యులిచ్చు ద్రాక్షారిష్టము కుండలో పులియుటయు ఈ విధముననే. తెల్లమద్యమునకు రసమును ముందే పిండి తొక్కను వేరుచేయుదురు. ఎఱ్ఱమద్యమునకు తొక్కతో కూడ పులియనిత్తురు. రంగంతయు తొక్కలోనిదే.

రుచిచూచుట యనిన కడుపునిండ త్రాగుట కాదు. నాలుగైదు గాజుగిన్నెలలో ఒక్కొక్కదానియందు రెండుచెంచాలకు మించకుండ, సుమారు 30 మిల్లీలీటర్లు, పోసి వరుసగా నుంచుదురు. మొదట రంగు చూతురు, గిన్నెను త్రిప్పుదురు, వాసన పట్టుదురు, పిమ్మటనే నాలుకమీద వేయుదురు. నోట నుంచుకొని ఉమ్మివేయుటకు పాత్రయు నుంచబడును. అట్లుమియుట మర్యాదకు లోపము కాదు. ఆ వృత్తిలోనివారే అట్లు చేయుదురు. త్రాగనివారు వాసన చూచి ఊరకుండవచ్చును. ద్రాక్షరసమో, మంచినీరో అడుగవచ్చును. ఎవ్వరును బలవంతపెట్టరు. మార్గదర్శి ఒక్కచుక్కయు ముట్టడు. త్రాగినవారు బండి నడుపకుండుటకే ఈ యాత్రలు ఏర్పడినవి.

నిజమునకు, వాసనపట్టుటలో మన గృహిణులకు సాటివచ్చువారు అరుదు. పోపులో మెంతులు ఒక్క క్షణము మాడినను ప్రక్కగదినుండి కనిపెట్టు ముక్కు మనది. సిరా మద్యమున మిరియాలవాసన వచ్చుననిన, అది కవిత్వము కాదు. మిరియాలలోని వాసనపదార్థమే ఆ ద్రాక్షతొక్కలోను కలదని ఆస్ట్రేలియా శాస్త్రజ్ఞులు 2008లో కనుగొనిరి. గెవుర్జ్‌ట్రామినెర్ అను మరియొకదానియందు గులాబీవాసన యుండును. పీపాలో నిలువయున్నదానికి పీపాకొయ్యనుండి వనిలావాసన యంటును. ఒక్కచుక్క నోట బెట్టకయే ఇవన్నియు పోల్చుకొనవచ్చును.

శాకాహారులు తెలిసికొనవలసినవి రెండు కలవు. మద్యమును తేటపరచుటకు కొందరు కోడిగ్రుడ్డు తెల్లసొనను, చేపతిత్తినుండి తీసిన జిగురును వాడుదురు. కొందరు ఒకవిధమైన మట్టిని వాడుదురు. ప్రక్కన పెట్టు జున్నుముక్కలలో కొన్నింటిని దూడకడుపునుండి తీసిన తోడుతో చేయుదురు. అడిగినయెడల చెప్పుదురు. అడుగుటకు సంకోచింపరాదు.

గర్భవతులును, పాలిచ్చు తల్లులును, ఔషధసేవ చేయువారును రుచియైనను చూడరాదు. ఇరువదియొక యేండ్లు నిండనివారికి చట్టమే యొప్పదు. ఎంత కొంచెమైనను పూర్తిగా నిరపాయమైన పరిమాణము మద్యమునకు లేదని ప్రపంచ ఆరోగ్యసంస్థ 2023లో ప్రకటించినది. ఆ రాష్ట్రపు స్త్రీలును ఈ మాట నెరుగనివారు కారు. 1912లో వారికి ఓటుహక్కు రాగా, 1914లో జరిగిన ఓటింగున వారును పాల్గొనగా, 1916 జనవరినుండి ఆరెగాన్‌లో మద్యము నిషేధింపబడెను. లాంకాస్టరు బాట ప్రారంభమైన యేడును అదియే. నిషేధము 1933వరకు నిలిచెను. దూబగుంట తల్లులకు ఆ దేశమున అక్కలుండిరని తెలిసిన మనకు సంతోషమగును.

కనబడని జలపాతము

సాయంకాలమున హుడ్‌రివర్‌నుండి వ్యాను పడమటికి మరలును. ఆ నదిమీది గొప్ప జలపాతము మాత్రము తూర్పున నుండిపోవును. డాల్సు పట్టణమునకు పండ్రెండు మైళ్ల పైని సెలైలో జలపాతములుండెడివి. ఎత్తున ముల్ట్‌నోమాకు చాలవు. కాని కొలంబియానది యంతయు ఇరుకురాళ్ల నడుమ అచ్చట విరుచుకొనిపడెడిది. పదివేలయేండ్లుగా ఆదిమజాతులవారు ఆ రాళ్లమీద కొయ్యమంచెలు కట్టి, పొడుగుకఱ్ఱల వలలతో సాల్మను చేపలను పట్టుకొనుచుండిరి. పట్టినవి పురుషులు, కోసి, ఆరబెట్టి, దంచి, ఏడాదికి సరిపడ నిలువచేసినవారు స్త్రీలు. దూరదూరపు జాతులవారు అచ్చటికి సంతకు వచ్చుచుండిరి. 1855నాటి ఒడంబడికలలో, అలవాటైన తావులలో చేపలుపట్టు హక్కు వారికి నిలుపబడినది. అయినను 1957 మార్చి 10వ తేదీన డాల్సు ఆనకట్ట తలుపులు మూసిరి. కొన్నిగంటలలో జలపాతము మునిగెను. దాని హోరు వినుచు పెరిగిన వృద్ధులు ఒడ్డున నిలిచి, ఆ నిశ్శబ్దమును విని విలపించిరి. 2008లో ధ్వనితరంగములతో నదిగర్భమును కొలువగా, రాళ్లు చెక్కుచెదరక అట్లే యున్నట్లు తెలిసెను.

ఆనకట్టవలన విద్యుచ్ఛక్తి వచ్చినది, పడవలు నడచినవి. ఆ లాభము కల్లకాదు. మనమును నాగార్జునసాగరముచే అన్నము తినుచున్నవారమే. నాగార్జునకొండ లోయ ఆ నీటిక్రిందనే యున్నది. గోదావరిమీద పోలవరము కట్టబడుచుండగా పాపికొండల గ్రామములవారు ఊళ్లు విడుచుచున్నారు. లాభము ఒకరికి, నష్టము వేరొకరికి వచ్చునప్పుడు, నష్టపోయినవారి పేరైనను తలచుట లాభపడినవారి విధి. మార్గదర్శిని సెలైలోనుగూర్చి అడుగుడు. అడిగినవారికి అతడు చెప్పక మానడు.

వెళ్లువారికి కొన్ని మాటలు

యాత్రకు ఉదయమునుండి సాయంకాలమువరకు ఏడెనిమిది గంటలు పట్టును. ఇటీవలి వేసవులలో ముల్ట్‌నోమాకడ పెద్దరహదారిప్రక్కను బండి నిలుపుటకు ముందుగా సమయపుచీటి పుచ్చుకొనవలసియున్నది. యాత్ర నడపువారిని ముందే విచారించుట మంచిది. జలపాతములు వసంతమున నిండుగా నుండును. ద్రాక్షలు కోయుట సెప్టెంబరు, అక్టోబరు నెలలలో. జారని బూట్లు, వానకోటు, ఉన్నిశాలువ వేసవిలోను తీసికొనిపోవలెను. పడమట తడిసి, తూర్పున ఎండుట ఆ లోయ స్వభావము. పెరుగన్నమును, పులిహోరను డబ్బాలో పెట్టుకొన్నయెడల మధ్యాహ్నము చింతలేదు. కాని ద్రాక్షశాలలలో బయటిభోజనమును కొందరు ఒప్పరు గనుక అడిగి తెరువవలెను. మెలికలబాటలో తలతిరుగువారు ముందుసీటు అడిగి పుచ్చుకొనుడు.

అన్నిటికంటె ముఖ్యము: ఆ దినమున వంట, వడ్డన, పిల్లల పాలసీసా మరియొకరికి ఒప్పగింపుడు. ఇతరులకై ఆరునెలలు శ్రమించిన తల్లికి ఒక్కదినము కిటికీప్రక్క సీటు అధికము కాదు. మరలివచ్చి మనుమలకు కథ చెప్పునప్పుడు, జలపాతము ఎన్ని అడుగులని మాత్రమే చెప్పక, కొండకొమ్మును కొనియిచ్చిన స్త్రీలను, పూవులకై తిరిగి లోయను కాపాడిన గృహిణిని, మూగవోయిన సెలైలోను కూడ చెప్పుడు. మన యూరి చెరువునో, గుట్టనో, ఊడలమఱ్ఱినో నిలుపవలసిన దినము వచ్చినప్పుడు ఆ కథ ఆ పిల్లలకు పనికివచ్చును.